కట్టుమెలిక: రేవుసీమలో ఆడేవాళ్ళు, రాసేవాళ్ళు తరచుగా అడిగే ప్రశ్నలు

రేవుసీమ అనేది విశాఖలో కొందరు మిత్రులం కలిసి అల్లుకున్న కల్పిత లోకం. కొందరం బల్ల చుట్టూ చేరి పాచికలతో ఆడతాం, కొందరు అందులో కథలు రాస్తున్నారు. ఆ లోకంలో ఉన్న మంత్రం ఒక్కటే, ఒకే ఒక్క గుర్తు: కట్టుమెలిక. కొత్తగా వచ్చినవాళ్ళందరికీ దాదాపు అవే డౌట్లు వస్తున్నాయి. అందుకని ఎవరు ఎలా అడిగారో అలాగే ప్రశ్నలు పెట్టి జవాబులు రాశాను. దేనికది విడిగా చదువుకోవచ్చు.

## మొదలుపెట్టే ముందు

కట్టుమెలిక అంటే అసలు ఏంటి? రెండు ముక్కల్లో చెప్పండి.

చుక్కలు పెట్టి, వాటి చుట్టూ ఒకే గీతను తిప్పుకుంటూ వెళ్ళి, మొదలుపెట్టిన చోటే కలిపే గుర్తు అది. గీత కలిసిన క్షణం నుంచి కదులుతున్నదాన్ని ఒకదాన్ని ఉన్నచోటే ఆపి ఉంచుతుంది. అల కావచ్చు, మంట కావచ్చు, జ్వరం కావచ్చు, నోటి దాకా వచ్చిన మాట కావచ్చు. చంపదు, మాయం చేయదు, పక్కకి మళ్ళించదు. ఆపడం ఒక్కటే దాని పని.

ఇది మన వాకిట్లో వేసే మెలికల ముగ్గే కదా?

రూపం అక్కడిదే. ధనుర్మాసంలో తెల్లవారుజామున ఎండాడ వైపో, పాత పోస్టాఫీసు వైపో ఏ వీధిలోకి వెళ్ళినా కళ్ళాపి జల్లిన వాకిట్లో ఎవరో ఒకరు వంగి గీస్తూ కనబడతారు. బొటనవేలికి, చూపుడు వేలికి మధ్య నుంచి పిండి సన్నగా జారుతుంది. గీత చుక్కను తాకదు, దాని పక్కనుంచి తిరిగి అవతలి చుక్క వెనక్కి పోతుంది. చెయ్యి ఎక్కడా తడుముకోదు. ఆ చేతి వాటం చూసే ఈ గుర్తు పుట్టింది. కాకపోతే మన ముగ్గు ఇంటికి శుభం కోరి వేసేది, రేవుసీమలో మెలిక అవసరం వచ్చినప్పుడు మాత్రమే వేసేది. అక్కడ ఊరికే అందానికి కట్టుమెలిక వేయరు, పిల్లలు వేస్తే పెద్దవాళ్ళు కోప్పడతారు.

శ్రీచక్రం లాంటి యంత్రాలతో దీనికేమైనా సంబంధం ఉందా?

లేదు, తేవద్దు కూడా. జనం పూజ చేసుకునే గుర్తుల్ని ఆటలో పాచికలకు కట్టేయడం నాకు ఇష్టం లేదు. బీజాక్షరాలు, దేవతల పేర్లు, గుడి గోడల మీది చిహ్నాలు ఏవీ కట్టుమెలికలో ఉండవు. చుక్క, గీత, అంతే.

మా పాత్రకు మంత్రశక్తి ఉన్న వంశం కావాలా? ఆడవాళ్ళే గీయాలా?

రెండూ అక్కర్లేదు. రేవుసీమలో ఎవరైనా గీయొచ్చు. వలలు బాగుచేసే తాత, ఓడ సరంగు, పదేళ్ళ పిల్ల, ఎవరైనా సరే. పుట్టుకతో వచ్చే శక్తి అనేది పెడితే మిగతా పాత్రలన్నీ ప్రేక్షకులైపోతాయి. నేర్చుకున్నవాళ్ళకు వస్తుంది, నేర్చుకోనివాళ్ళకు రాదు. పిల్లలు తడి ఇసుక మీద ఆరు చుక్కలతో మొదలుపెడతారు.

నిజంగా మా ఇంటి ముందు వేస్తే ఏమైనా జరుగుతుందా?

జరగదు. ఇది మేం కల్పించుకున్నది. ఇంట్లో ఎవరికైనా జ్వరం వస్తే డాక్టర్ దగ్గరికి తీసుకెళ్ళండి. ఈ ప్రశ్న కొందరు ఆశగా అడుగుతుంటారు, అందుకే సూటిగా చెబుతున్నాను.

## చుక్కలు పెట్టడం, గీత తిప్పడం

ఎన్ని చుక్కలు పెట్టాలి?

ఎంతసేపు ఆపాలో దాన్నిబట్టి. ఒక చుక్కకు ఒక ఘడియ, అంటే 24 నిమిషాలు. 2 వరసల్లో 3 చొప్పున 6 చుక్కలు పెడితే 2 గంటల 24 నిమిషాలు ఆగుతుంది. 3 వరసల్లో 4 చొప్పున 12 పెడితే 4 గంటల 48 నిమిషాలు. 5 వరసల్లో 6 చొప్పున 30 పెడితే సరిగ్గా 12 గంటలు, అంటే ఒక రాత్రి గడుస్తుంది. రోజుకు 60 ఘడియలన్న మన పాత లెక్కనే వాడుకున్నాం కాబట్టి కొత్తగా గుర్తుపెట్టుకోవలసిందేమీ లేదు.

3 వరసల్లో 3 చొప్పున పెట్టాను. గీత ఒకటిగా రావట్లేదు, ఎక్కడ తప్పుతున్నాను?

మీరు తప్పలేదు. ఆ చుక్కలకు ఒకే గీత రాదు. చుక్కల్ని నిలువు, అడ్డం వరసల్లో పెట్టి, గీతను వాటి మధ్య నుంచి ఏటవాలుగా నడిపి, అంచు దగ్గర మాత్రమే మలిపితే ఎన్ని విడి గీతలు వస్తాయో ముందే చెప్పేయొచ్చు. వరసల సంఖ్యకు, వరసలోని చుక్కల సంఖ్యకు గ.సా.భా. ఎంతో అన్ని గీతలు. బడిలో నేర్చుకున్న గ.సా.భా. సంగతే చెబుతున్నాను, రెండు సంఖ్యల్నీ శేషం లేకుండా భాగించే వాటిలో అన్నిటికంటే పెద్దది. 3, 3 కి అది 3, కాబట్టి మూడు వేర్వేరు గీతలొస్తాయి. 3, 4 కి అది 1, కాబట్టి ఒకే గీత మొత్తం చుట్టి వస్తుంది.

ఇది మేం పెట్టిన రూల్ కాదు, లెక్కల్లో ఉన్న నిజం. కాగితం మీద వేసి చూడండి. రోజంతా ఆపాలని 60 చుక్కలు కావలసొచ్చి ఒకరు 6 వరసల్లో 10 చొప్పున పెడితే రెండు గీతలొస్తాయి, మెలిక కట్టదు. అదే 60ని 5 వరసల్లో 12 చొప్పున పెడితే ఒకే గీత. రేవుసీమలో ముసలివాళ్ళు దీన్ని లెక్కగా చెప్పరు. "జత కుదరని వరసలు వెయ్యి" అంటారు. నాకు ఈ లోకంలో అన్నిటికంటే నచ్చేది ఇదే. మంత్రం ఫలించడం, ఫలించకపోవడం మన ఇష్టం మీదా, పాచిక మీదా లేదు. చుక్కలు పెట్టినప్పుడే తేలిపోయింది.

సరిగ్గా గీశానో లేదో ఎలా చూసుకోవాలి?

పక్కపక్కన ఉన్న ప్రతి రెండు చుక్కల మధ్య, పైనా కిందా ఉన్న ప్రతి రెండు చుక్కల మధ్య గీత తనను తాను ఒక్కసారి దాటాలి. 2×3 మెలికలో అలాంటి చోట్లు 7, 3×4 లో 17, 5×6 లో 49. లెక్క తగ్గితే ఎక్కడో మలుపు తప్పింది.

మధ్యలో చెయ్యి ఎత్తొచ్చా?

ఎత్తొచ్చు. పిండి అయిపోతే ఇంకో చిటికెడు తీసుకోవాలిగా! ఎక్కడ ఆపారో సరిగ్గా అక్కడే మళ్ళీ అందుకోవాలి. సందు మిగిలితే కట్టదు. గీస్తూ మాట్లాడొచ్చు, పాడుకోవచ్చు, ఏడవొచ్చు. వెనక్కి మాత్రం గీయకూడదు.

దేనితో గీయాలి? అన్నీ ఒకటేనా?

దేనితో గీసినా కడుతుంది, తేడా ఎలా విడిపోతుందన్న దగ్గర వస్తుంది. బియ్యప్పిండితో వేస్తే చీమలు కొద్దికొద్దిగా మోసుకుపోతాయి, గీత మెల్లగా పలచబడుతుంది, ఆగింది కూడా మెల్లగా కదులుతుంది. జ్వరాలకు, పసిపిల్లల ఏడుపుకు ఇదే వాడతారు. ముగ్గురాయి పొడి చీమలకు పనికిరాదు, గట్టిగా నిలబడుతుంది, విడిపోతే మాత్రం ఒక్కసారిగా విడిపోతుంది. ఓడ చెక్కల మీద తడి సున్నం వాడతారు. తడి ఇసుక మీద వేలితో గీసింది తర్వాతి అల వచ్చేదాకానే.

ముగ్గు గొట్టాలు, అచ్చులు, స్టిక్కర్లు లాంటివి పనిచేస్తాయా?

పనిచేయవు. అచ్చు గుద్దితే గుర్తంతా ఒకేసారి పడుతుంది. గీత ఎక్కడా మొదలవలేదు, ఎక్కడికీ తిరిగి రాలేదు. కట్టుమెలికలో కట్టేది ఆ తిరిగి రావడమే. అపార్ట్‌మెంట్‌లో తలుపు ముందు రెండు టైల్స్ జాగా మాత్రమే ఉన్నవాళ్ళు స్టిక్కర్ అంటించుకోవడంలో తప్పేం లేదు, అది వేరే సంగతి.

ఆట కోసం ఎర్రమట్టి దిబ్బల నుంచి కాస్త ఇసుక తెచ్చుకోవచ్చా?

దయచేసి తేవద్దు. విశాఖకు, భీమిలికి మధ్య ఉన్న ఆ దిబ్బలు గాలీ నీరూ వేల ఏళ్ళ పాటు పేర్చినవి, భూవారసత్వ స్థలంగా గుర్తింపు ఉన్న చోటు. ఎవరికి వాళ్ళు డబ్బాడు తెచ్చుకుంటూ పోతే ఏమవుతుందో చెప్పక్కర్లేదు. రేవుసీమలోని ఎర్రగట్లను వాటిని చూసే రాసుకున్నాం. అక్కడ కూడా ఎర్ర ఇసుకతో మెలిక వేయడం నిషేధం. ఆటకు బియ్యప్పిండి చాలు.

## ఆపి ఉంచేటప్పుడు

గీసినవాళ్ళ మీద పడే భారం ఏంటి?

నిద్ర. మెలిక ఉన్నంతసేపు గీసినవాళ్ళు మేలుకునే ఉండాలి. కునుకు పట్టిందా, విడిపోతుంది. రేవుసీమలో జాగారం అంటే ఇదే.

ఆటలో ప్రతి జాము చివర, అంటే 3 గంటలకోసారి, రెండు పాచికలు వేయాలి. గడిచిన జాముల సంఖ్య కంటే మొత్తం ఎక్కువ రావాలి. మొదటి జాము ఎలాగూ గండం గట్టెక్కుతుంది. నాలుగో జాముకు 36 అవకాశాల్లో 30 మీవైపే. ఏడో జాముకు 15. ఎనిమిదో జాముకు, అంటే పూర్తి రోజు గడిచేసరికి 10కి పడిపోతుంది. పన్నెండో జాము దాటడం ఎవరి తరమూ కాదు, రెండు పాచికల్లో 12కి మించి పడదు. అంటే ఒక్క మనిషి 36 గంటలకు మించి దేన్నీ ఆపలేడు.

పాటలు, మిరియాల కషాయం, పక్కన కబుర్లు చెప్పే మనిషి ఉంటే ఒక్కసారి పాచికలు మళ్ళీ వేసుకోనివ్వండి. ఆ కబుర్లు నిజంగా బల్ల దగ్గర చెప్పించండి. మా ఆటల్లో బాగా గుర్తుండిపోయినవన్నీ ఆ కబుర్లే.

జాగారం ఒకరి నుంచి ఇంకొకరు అందుకోవచ్చా?

ఒక మెలికకు ఒక్కసారి. అందుకునే మనిషి మొదటి చుక్క మీద చిటికెడు పిండి వేసి, గీతను కళ్ళతో మొదటి నుంచి చివరిదాకా చూడాలి. అప్పటి నుంచి వాళ్ళ జాములు ఒకటి దగ్గర మొదలవుతాయి. ఇచ్చినవాళ్ళు అక్కడికక్కడే నిద్రలోకి జారుకుంటారు, లేపినా లేవరు.

ఆగిన అల ఎక్కడికి పోతుంది? ఊరికే మాయమైపోతుందా?

పోదు. ఆగినదానికి ఎప్పుడూ ఒక లెక్క ఉంటుంది. ఇక్కడ ఆపితే పక్కవాళ్ళకు తగ్గుతుంది, లేదా ఇక్కడే పేరుకుంటుంది. రేవుసీమ కథలన్నీ నడిచేది ఈ ఒక్క రూల్ మీదే.

దీన్ని మన తీరం నుంచే తీసుకున్నాం. ఇక్కడ సముద్రం ఏడాదిలో చాలాకాలం ఇసుకను దక్షిణం నుంచి ఉత్తరానికి ఒడ్డు వెంబడే జరుపుతూ ఉంటుంది. డాల్ఫిన్ నోస్ కొండ చాటున 1933లో పోర్టు మొదలైంది. ఓడల దారి పూడిపోకుండా ఇసుకను దక్షిణం వైపే ఆపాలి. పోర్టు కట్టే రోజుల్లో పాత ఓడలు రెండు ముంచి కూడా అడ్డుకట్టగా వాడారు. ఇసుక అక్కడ ఆగింది సరే, ఉత్తరాన ఉన్న ఒడ్డుకు రావలసిన వాటా రాలేదు. అందుకే ఆర్‌కే బీచ్ వైపు కోత. తవ్వి తీసిన ఇసుకను మళ్ళీ ఆ వైపు పోయించే పని ఏళ్ళ తరబడి జరుగుతోంది. ఇందులో ఎవరి దుర్మార్గమూ లేదు. రేవు కావాలి, రేవుకు ఇసుక ఆగాలి, ఆగిన ఇసుక ఇంకొకరికి బాకీ.

రేవుసీమలో ముక్కుకొండ కింద మెలిక వేసి వరద నీటిని ఒక రాత్రి ఆపారనుకోండి. కింది పల్లెలో ఆ రాత్రి నూతుల్లో నీళ్ళు దిగిపోతాయి. మంటను ఆపితే పక్కింటి పొయ్యి రాజుకోదు. మాటను ఆపితే ఆ మాట వినవలసిన మనిషి వేరే ఏదో ఊహించుకుంటాడు. ఆట నడిపేవాళ్ళు ప్రతిసారీ ఈ బాకీ ఎవరి మీద పడిందో చెప్పి తీరాలి. చెప్పకపోతే కట్టుమెలిక ఒక తాళం బుర్రగా మిగిలిపోతుంది.

తుపానును ఆపొచ్చా?

తుపాను మొత్తాన్ని ఆపలేరు. ఒక తలుపు మీదికి వచ్చే గాలిని, ఒక పడవ మీదికి లేచే అలను ఆపొచ్చు. ఇక్కడ కొత్తవాళ్ళు తప్పనిసరిగా తెలుసుకోవలసిన ప్రమాదం ఒకటుంది. 2014 అక్టోబర్ 12న హుద్‌హుద్ తీరం దాటినప్పుడు తుపాను కన్ను విశాఖ మీదుగా వెళ్ళింది. గాలి కాసేపు తెరిపిచ్చింది, తర్వాత ఎదురు దిక్కు నుంచి మళ్ళీ అందుకుంది. ఆ రోజు ఇక్కడున్నవాళ్ళకు వివరించక్కర్లేదు. రేవుసీమలోనూ అంతే. గాలి ఆగిందని తూర్పు తలుపు దగ్గర మెలిక విప్పేసి పడుకున్నవాళ్ళకు పడమటి తలుపు ఎగిరిపోతుంది. రెండు తలుపులకూ ఒకే మనిషి మెలిక వేయలేడు, ఒక మనిషికి ఒకటే జాగారం. కాబట్టి ఆ ఇంట్లో ఇద్దరైనా ఉండాలి.

చనిపోతున్న మనిషి ఊపిరిని ఆపి ఉంచొచ్చా?

అందరూ చివరికి వచ్చేది ఈ ప్రశ్న దగ్గరికే. ఆపొచ్చు, మూడు షరతుల మీద. ఆ మనిషి స్వయంగా ఒప్పుకోవాలి. ఎవరు వచ్చేదాకా ఆపుతున్నారో పేరు పైకి చెప్పాలి. మెలిక బియ్యప్పిండితోనే వేయాలి.

ఆగిన మనిషి కోలుకోడు, ఇంకా క్షీణించడు. మాట్లాడతాడు, చెయ్యి పట్టుకుంటాడు, నొప్పి మాత్రం ఉన్నంత ఉంటుంది. అందుకే ఒప్పుకోలు ముఖ్యం. ఎవరి పేరు చెప్పారో వాళ్ళు గడప దాటి లోపలికి వచ్చాక మెలిక ఇంకో ఘడియ మాత్రమే నిలుస్తుంది. ఎన్ని చుక్కలు మిగిలున్నా సరే.

పేరు చెప్పడం ఎందుకని కొందరు వాదిస్తారు. "మాకోసమే ఆపుకుంటాం" అంటారు. మా ఆటలో అది ఒప్పుకోను. దగ్గరున్నవాళ్ళు వదల్లేక ఆపుకుంటే నొప్పి పడేది మంచం మీదున్న మనిషి. దూరం నుంచి పడవలో వస్తున్న కూతురి కోసమైతే ఆ నొప్పి ఆయన ఎంచుకున్నది. ఈ ఘట్టం వచ్చినప్పుడు బల్ల దగ్గర ఎవరైనా ఈమధ్యే ఇంట్లో మనిషిని పోగొట్టుకున్నవాళ్ళు ఉన్నారేమో ముందే కనుక్కోండి. ఉంటే దాటేయండి, ఆట ఎక్కడికీ పోదు.

కత్తియుద్ధం మధ్యలో వాడొచ్చా? శత్రువును కదలకుండా కట్టేయొచ్చా?

కుదరదు. చుక్కలు పెట్టి గీత తిప్పేలోపు మీ పని అయిపోతుంది. ఒప్పుకోని మనిషి శరీరం మీద మెలిక అసలు కట్టదు. ముందే వేసి పెట్టుకుందామంటే గీత కలిసేటప్పుడు ఆపవలసింది కళ్ళెదుట కదులుతూ ఉండాలి.

## విప్పేటప్పుడు

మెలికను పద్ధతిగా ఎలా విప్పాలి?

వేలు నీళ్ళలో ముంచి, గీత కలిసిన చోటు నుంచి వెనక్కి తుడుచుకుంటూ మొదటి చుక్కదాకా రావాలి. అలా చేస్తే ఆగింది నెమ్మదిగా కదులుతుంది, చుట్టుపక్కలవాళ్ళు తప్పుకోవడానికి సమయం దొరుకుతుంది. చీపురుతో ఊడ్చేస్తే ఆపిన ఘడియలన్నిటి బలం ఒక్కసారిగా మీద పడుతుంది. అల అయితే ఇల్లు మిగలదు.

ఎవరో చూసుకోకుండా తొక్కేశారు. ఇప్పుడెలా?

ఎక్కడ తెగిందో చూడండి. గీతలు దాటుకునే చోట తెగితే మెలిక పోయినట్టే. చుక్క చుట్టూ వంపు దగ్గర తెగితే ఒక నిమిషం గడువుంటుంది. గీసినవాళ్ళే అదే పిండితో అతకాలి. వాన పడితే గడువేమీ ఉండదు, అందుకే తెలిసినవాళ్ళు అరుగు మీదే వేస్తారు.

## ఆట నడిపేవాళ్ళకు, కథలు రాసేవాళ్ళకు

ప్లేయర్ నిజంగానే కాగితం మీద గీయాలా? పాచిక వేసి సరిపెట్టకూడదా?

గీయించండి. చుక్కలు పెట్టిన తర్వాత పెన్సిల్ కదులుతుంటే బల్ల చుట్టూ ఉన్నవాళ్ళంతా ముందుకు వంగుతారు. మూల దగ్గర ఎటు మలగాలో తెలియక ఆ పెన్సిల్ ఆగినప్పుడు వచ్చే టెన్షన్ ఏ పాచికా ఇవ్వలేదు. చేతులు వణికేవాళ్ళు, చూపు తక్కువున్నవాళ్ళు ఉంటే వాళ్ళు దారి చెబితే పక్కవాళ్ళు గీయొచ్చు. ఎవరికైనా ఇబ్బందయ్యేలా గడియారం పెట్టకండి.

కథలో గుర్తును ఎలా వర్ణించాలి? చదివేవాళ్ళకు కనబడట్లేదంటున్నారు.

బొమ్మంతా వర్ణించబోతే ఎవరికీ కనబడదు. చెయ్యిని చూపించండి. మోకాళ్ళ మీద కూర్చుని వెనక్కి జరగడం, చీర కుచ్చెళ్ళు గీతకు తగలకుండా ఎగదోపుకోవడం, వేళ్ళ సందుల్లో పిండి తడిసి ముద్ద కట్టడం, చివరి వంపు దగ్గర ఊపిరి బిగబట్టడం. తెలుగు చదివేవాళ్ళకు ముగ్గు వేసే మనిషి కళ్ళలోనే ఉంటుంది. మిగతాది వాళ్ళే చూసుకుంటారు. మెరుపులు, నీలి కాంతులు పెట్టకండి, కట్టుమెలిక వెలగదు.

కొత్త ఉపయోగం ఒకటి ఆలోచించాను. కలపొచ్చా?

కలపండి. ఆగేది ఒక్కటే ఉండాలి, అది కదులుతూ ఉండాలి, ఎవరో మేలుకుని ఉండాలి, ఎవరి మీదో బాకీ పడాలి. ఈ నాలుగూ ఉంటే అది రేవుసీమదే. ఎవరో తేనెటీగల తుట్టె చప్పుడును ఆపే కథ రాశారు, చాలా బాగుంది. "డబ్బును ఆపడం" మాత్రం ఇప్పటికే చాలామంది రాశారు.

బీచ్‌లో ఇసుక మీద గీస్తూ ఆడొచ్చా?

ఆడొచ్చు, పొద్దున్నే అయితే జనం తక్కువ. పొడి ఇసుక ఉన్న పైభాగంలో కూర్చుని, తెచ్చుకున్న నీళ్ళతో తడుపుకుని గీయండి. అల వచ్చి గీత చెరిపితే బాగుంటుందని నీటి అంచుకు వెళ్ళకండి. మన తీరంలో ఒడ్డు పక్కనే లోతు, లాగుడు ఎక్కువ. ఆర్‌కే బీచ్‌లోనూ, యారాడలోనూ ప్రాణాలు పోయినవాళ్ళున్నారు. పిల్లలుంటే నీటి వైపు ఒక పెద్ద మనిషి కూర్చోవాలి.

ఆట మధ్యలో ఆపి ఇంటికెళ్ళాలి. వేసిన మెలిక ఏమవుతుంది?

ఉన్నది ఉన్నట్టే ఉంటుంది. కాగితాన్ని ఫోటో తీసి పెట్టుకోండి. దాని పక్కన మూడు విషయాలు రాయండి: ఎన్ని ఘడియలు మిగిలాయి, ఎన్నో జాము నడుస్తోంది, జాగారం ఒకసారి చేతులు మారిందా లేదా. తర్వాతి సారి ఆ జాము పాచికలతోనే మొదలుపెట్టాలి. జాగారం చేస్తున్న ప్లేయర్ ఆ రోజు రాలేకపోతే వాళ్ళ తరఫున ఎవరు పాచికలు వేయాలో వాళ్ళనే ఫోన్ చేసి అడగండి.